ఎరువుల దుకాణం పరవానా గడువు దాటింది: చేతిలో ఉన్న డబ్బు ముందు దేనికి?

ప్రశ్న: మాది మహారాష్ట్రలోని గడ్చిరోలి జిల్లా సిరొంచ తాలూకా. 2012 నుంచి కృషి సేవా కేంద్రం నడుపుతున్నాను. చదువు పదో తరగతి వరకే. ఎరువుల పరవానా (లైసెన్సు) గడువు మే 31తో ముగిసింది, రెన్యువల్ చేయించలేదు. ఈ పదిహేను రోజుల్లో నలభై బస్తాలు అమ్మాను. ఇంకా 200 బస్తాల యూరియా, 120 బస్తాల డీఏపీ నిల్వ ఉంది. చేతిలో లక్షా అరవై వేలు ఉన్నాయి. హోల్‌సేల్ వ్యాపారికి తొంభై వేలు బాకీ. లక్షన్నర సరుకు ఇప్పుడే తీసుకుంటే రెండు శాతం తగ్గిస్తానని ఆయన అంటున్నారు. సరుకు తీసుకుని, వానలు పడి డబ్బు తిరిగాక రెన్యువల్ చూసుకోవచ్చా? ఈలోగా నిల్వను కాళేశ్వరంలో మా బావమరిది దుకాణానికి పంపి అమ్మించవచ్చా?

జవాబు: రెండూ వద్దు. ఎరువుల నియంత్రణ ఉత్తర్వు, 1985 ప్రకారం రెన్యువల్ దరఖాస్తును గడువు ముగిసేలోపే పెట్టాలి. అలా పెట్టలేకపోయినవారు గడువు ముగిసిన నాటి నుంచి ఒక నెలలోపు అదనపు రుసుము కట్టి పెట్టుకోవచ్చు. ఆ నెలలోపు దరఖాస్తు చేరితే, దానిపై అధికారి నిర్ణయం వెలువడేదాకా మీ పరవానా చెల్లుబాటులో ఉన్నట్టే లెక్క కాబట్టి, మీరు అమ్మిన నలభై బస్తాలకు కూడా రక్షణ దొరుకుతుంది. నెల దాటితే మాత్రం పరవానా మే 31నే రద్దయినట్టు భావిస్తారు, ఆ తరువాత జరిగిన ప్రతి అమ్మకమూ పరవానా లేకుండా చేసిన అమ్మకమే అవుతుంది. కొత్త పత్రం ఎప్పుడు చేతికి వస్తుందన్నది కాదు, దరఖాస్తు ఏ తేదీన చేరిందన్నదే ఇక్కడ ముఖ్యం.

ఎరువులు నిత్యావసర సరుకుల చట్టం, 1955 పరిధిలోకి వస్తాయి గనుక ఇది చిన్న జరిమానాతో తేలిపోయే వ్యవహారం కాదు. ఆ చట్టంలోని 7వ సెక్షన్ కింద మూడు నెలల నుంచి ఏడేళ్ల వరకు జైలుశిక్ష, దానితోపాటు జరిమానా పడవచ్చు. ప్రత్యేక కారణాలు చూపి మూడు నెలలకన్నా తగ్గించే అధికారం కోర్టుకు ఉన్నా, దాన్ని నమ్ముకుని దుకాణం తెరిచి ఉంచలేము. 6ఏ సెక్షన్ కింద స్వాధీనమైన సరుకును జప్తు చేసే అధికారం కలెక్టరుకు ఉంది. బస్తా యూరియా 266.50 రూపాయలు, బస్తా డీఏపీ 1,350 రూపాయల చొప్పున మీ గోదాములో ఉన్న సరుకు విలువ 2,15,300 రూపాయలు. రెండు శాతం తగ్గింపుతో మీకు మిగిలేది మూడు వేలు. ఆ మూడు వేల కోసం రెండు లక్షల పైచిలుకు సరుకును పణంగా పెట్టే బేరం ఇది.

కార్యాలయంలో తెలిసినవాళ్లు ఉన్నారు, తరువాత సర్దుకోవచ్చు అనే ధీమా మన వ్యాపారుల్లో చాలామందికి ఉంటుంది. కానీ రాయితీ ఎరువు అమ్మినప్పుడల్లా రైతు ఆధార్, వేలిముద్రతో పీఓఎస్ యంత్రంలో నమోదవుతుంది, తేదీ కూడా అందులోనే ఉంటుంది. కాబట్టి బిల్లు పుస్తకంలో తేదీలు మార్చే ఆలోచన ఉంటే మానుకోండి. అది మరో నేరం అవుతుంది.

డబ్బు విషయానికి వస్తే, ముందుగా తొంభై వేల బాకీ తీర్చండి. రెన్యువల్ దరఖాస్తుతోపాటు సరుకు ఎక్కడి నుంచి వస్తుందో ధ్రువీకరించే 'ఓ' ఫారం జతచేయాలి. దాన్ని కంపెనీ గానీ హోల్‌సేల్ వ్యాపారి గానీ ఇవ్వాలి, బాకీ ఉన్నవాడికి ఆ కాగితం ఎంత ఆలస్యంగా వస్తుందో మీకు చెప్పనక్కరలేదు. బాకీ తీర్చే రోజునే కాగితం చేతికి తీసుకోండి. మిగిలిన డెబ్బై వేలలో రుసుము, అదనపు రుసుము, ప్రయాణ ఖర్చులు పోను ఉన్నదాన్ని నెల రోజుల ఇంటి ఖర్చుకు పక్కన పెట్టండి. కొత్త సరుకు జోలికి పోవద్దు. సిరొంచ నుంచి గడ్చిరోలికి ఆలాపల్లి మీదుగా రెండు వందల కిలోమీటర్ల పైమాటే, పైగా వానాకాలం. అందుకే జూన్ 30 దాకా ఆగకుండా 25లోపే దరఖాస్తు చేరేలా చూసుకుని, చేరినట్టు రసీదు దగ్గర ఉంచుకోండి. రసీదు చేతికి వచ్చేదాకా ఒక్క బస్తా కూడా అమ్మకండి.

బావమరిది దుకాణం సంగతి. గోదావరి మీద వంతెన వచ్చాక అటూ ఇటూ రాకపోకలు తేలికయ్యాయి గానీ, అవతలి ఒడ్డు తెలంగాణ. ఎరువుల రవాణా నియంత్రణ ఉత్తర్వు, 1973 ప్రకారం కేంద్రం అధికారం ఇచ్చినవారు తప్ప ఎవరూ ఒక రాష్ట్రం నుంచి మరో రాష్ట్రానికి ఎరువు తరలించకూడదు. బండి పట్టుబడితే మీతోపాటు ఆయన పరవానాకూ ముప్పే.

నెల దాటిపోతే మీరు కొత్తగా దరఖాస్తు చేసుకోవాల్సిందే. అప్పుడు ఇంకో చిక్కు ఉంది. కొత్త దరఖాస్తుదారుకు వ్యవసాయ సంబంధమైన డిగ్రీ, డిప్లొమా గానీ, నిర్దేశించిన సర్టిఫికెట్ కోర్సు గానీ ఉండాలి. పాత పరవానాను రెన్యువల్ చేయించుకునేవారికి ఈ నియమం వర్తించదు. పదో తరగతితో ఇన్నేళ్లు మీ దుకాణం సాగడానికి ఆ పాత పత్రమే ఆధారం. అది పోతే కోర్సు పూర్తయ్యేదాకా ఖరీఫ్ అమ్మకాలు లేనట్టే. ఆ పరిస్థితే వస్తే మిగిలిన నిల్వ వివరాలను పీఓఎస్ లెక్కతో సహా జిల్లా కృషి కార్యాలయానికి రాతపూర్వకంగా తెలియజేసి, గోదాముకు తాళం వేయండి. నేరానికి పడిన జరిమానాను ఆదాయపు పన్ను లెక్కల్లో వ్యాపార ఖర్చుగా చూపడం కుదరదని కూడా గుర్తుంచుకోండి.