సందేహాలు – సమాధానాలు: గిన్నెకి రుచి తెలుస్తుందా?

సందేహం: ఫ్రెంచ్ నటుడు మైకేల్ లాన్స్‌డేల్ మీద చిన్న వ్యాసం రాస్తూ ఆయన్ని 'గుణచిత్ర నటుడు' అన్నాను. మా ఫ్రెండ్ అది తప్పు, 'సహాయ నటుడు' అనాలన్నాడు. ఏది కరెక్ట్? అలాగే 'పాత్ర పోషించాడు' అనాలా, 'పాత్ర ధరించాడు' అనాలా?

సమాధానం: 'సహాయ నటుడు' అనే మాట మీద నాకు ఎప్పట్నుంచో కోపం. ఎవరికండీ సహాయం? 1973లో వచ్చిన 'ది డే ఆఫ్ ది జాకాల్' చూసే ఉంటారు, అందులో ఈయన పోలీసాఫీసర్ లెబెల్. మంత్రీ పెద్ద పెద్ద అధికారులూ కూర్చున్న మీటింగులో ఒక టేపు వినిపిస్తాడు, రహస్యం పోతున్నది వాళ్లలోనే ఒకాయన ఇంటి ఫోన్ నుంచని తేలిపోతుంది, ఎవరి ఫోన్ ట్యాప్ చెయ్యాలో నీకెలా తెలిసిందయ్యా అంటే, తెలీదు, అందుకే అందరివీ చేయించాను అంటాడు, అదీ పాలవాడి లెక్క చెప్పినంత మామూలుగా. ఆ సీన్లో మిగతావాళ్లే ఈయనకి సహాయం. ఫ్రెంచివాళ్లు ఇలాంటివాటిని 'రెండో రోల్' అంటారు, 2011లో ఆయనకి సెజార్ అవార్డు (ఫ్రెంచ్ సినిమాలకిచ్చే పెద్ద బహుమతి) వచ్చింది కూడా ఆ లెక్కలోనే, అల్జీరియా మఠంలో ఊరివాళ్లకి వైద్యం చేసే ముసలి సన్యాసి వేషానికి. వాళ్లు నంబర్ వేసి ఊరుకున్నారు, మనం నౌకరీ ఇచ్చాం.

'గుణచిత్ర' తమిళం మీదుగా మద్రాసులో మనకి అంటుకున్న మాటని నా అనుమానం. సమాసం విడదీస్తే నటుడు ఎక్కడో తేలతాడు. అయినా 'క్యారెక్టర్ ఆర్టిస్ట్' కంటే నయమే, క్యారెక్టర్ అంటే శీలం అని కూడా అనుకునే దేశం మనది.

అసలు సంగతి 'పాత్ర' దగ్గరుంది. 'పా' ధాతువుకి తాగడం, కాపాడడం రెండర్థాలూ ఉన్నాయి, దేనితో తాగుతామో అది పాత్ర, లోపలున్నదాన్ని ఒలికిపోకుండా కాపాడేది పాత్ర. అపాత్రదానం, పాత్రత అన్నీ ఇందులోవే. శార్ఙ్గదేవుడు సంగీతరత్నాకరం అనే పాత సంస్కృత సంగీతశాస్త్ర గ్రంథంలో నర్తనానికి ఆధారం పాత్ర అన్నాడు, అంటే ముఖ్యంగా నర్తకి. చూశారా, పాత్ర అంటే మనిషే, ఆ మనిషి వేసే వేషం కాదు! దానికి 'భూమిక' అని చక్కటి మాట ఉండేది, దాన్ని పుస్తకాల ముందుమాటకి ఇచ్చేశాం. ఇక నా దేవుడు అభినవగుప్తుడు, నాట్యశాస్త్రానికి వ్యాఖ్యానం రాస్తూ, రసం నటుడిలో ఉండదు, రుచి చూడ్డానికి అతనొక సాధనం, అందుకే పాత్ర అన్నారు, మద్యం రుచి గిన్నెకి తెలుస్తుందా అని అడుగుతాడు. వెయ్యేళ్ల కింద కాశ్మీరులో కూర్చుని అన్నాడండీ ఈ మాట! ఇప్పటి రివ్యూల్లో మాత్రం ప్రతివాడూ 'పాత్రలో జీవించేశాడు'. గిన్నెలో కాపురమేంటి?

అభినవగుప్తుడి మాట తెర మీద చూడాలంటే 1975 నాటి 'ఇండియా సాంగ్' చూడండి. కథ కలకత్తాలో, లాన్స్‌డేల్ లాహోర్‌లో పనిచేసొచ్చిన ఫ్రెంచ్ వైస్ కాన్సుల్, అంటే దౌత్య ఉద్యోగి. తెర మీద ఎవరి పెదవులూ కదలవు, మాటలన్నీ పక్కనుంచి వినిపిస్తుంటాయి, ఆయన కేకలు కూడా అంతే. మనిషి నడుస్తుంటాడు, గొంతు ఇంకెక్కడో ఉంటుంది, మన కడుపులో దేవుతుంది. 1968లో ఇంకో సినిమాలో చెప్పుల షాపు ఓనరు, నేనంటే ఎవరికీ ఎందుకు ఇష్టం లేదో కనిపెట్టండని డిటెక్టివ్ ఆఫీసుకి వస్తాడు. మొహంలో ఒక్క గీత కదలదు, నవ్వు మనకొస్తుంది. గిన్నె అంటే అదీ.

పోషించడమా ధరించడమా అంటారా, గిన్నెని పోషించడం నాకు నచ్చదు, ధరించడం అసలు నచ్చదు (ధరించేది వేషం కదా), కానీ 'పోషించాడు' పాతుకుపోయింది, పీకబోతే నా చెయ్యే నొప్పి. 'వేషం వేశాడు' అనండి, ఎవరూ జైల్లో వెయ్యరు. 'గుణచిత్ర' కూడా ప్రస్తుతానికి ఉంచుకోండి, మీ ఫ్రెండ్ మాట మాత్రం వద్దు. పేరు సంగతి మీరు అడగలేదు గానీ, టైటిల్స్‌లో ఆయన కొన్నిసార్లు మిషెల్ అని కూడా పడేవాడు, తండ్రి ఇంగ్లీషాయన, తల్లి ఫ్రెంచావిడ, రెండూ ఒప్పే.