పాఠకుల ప్రశ్నలు: పదిహేడులో లేని రెండు క్యాచ్‌లు

ప్రశ్న: డాలస్‌లో మా అబ్బాయి దగ్గరున్నప్పుడు టీవీలో ఒక పాత సూపర్ బౌల్ (అమెరికన్ ఫుట్‌బాల్ ఫైనల్) ముక్కను పదేపదే చూపించారు. ఆఖరి క్షణాల్లో ఓ కుర్రాడు ప్రత్యర్థి బంతిని లాక్కుని జట్టును గెలిపించాడు. అతని పేరు మాల్కమ్ బట్లర్ అనీ, కార్నర్‌బ్యాక్ అనీ, ముప్ఫై దాటీ దాటకముందే ఆట అయిపోయిందనీ మా వాడు చెప్పాడు. అంత పేరొచ్చినవాడు అంత తొందరగా ఎందుకు తెరమరుగయ్యాడు? అసలు కార్నర్‌బ్యాక్ పనేమిటి? – ఒక పాఠకురాలు, గుంటూరు

జవాబు: ముందు పని సంగతి చెప్పుకుందాం. బంతి అందుకోవడానికి మైదానం అంచుల నుంచి దూసుకొచ్చే రిసీవర్‌ను కాచుకునేవాడు కార్నర్‌బ్యాక్. మన కబడ్డీలోనూ కార్నర్ ఆటగాడు ఉన్నాడు గాని, అతని పక్కన చెయ్యి పట్టుకునే తోడు ఉంటుంది. ఇక్కడ చాలాసార్లు ఒంటరి పోరాటమే. ఎటు మలుపు తిరగాలో రిసీవర్‌కు ముందే తెలుసు, కార్నర్‌బ్యాక్‌కు తెలియదు. అందుకని అతను వెనక్కి పరుగెడుతూ, ఎదుటివాడి నడుము కదలికను బట్టి క్షణంలో ఒళ్లు తిప్పి, అంతే వేగంతో వెంటపడాలి. తొడ కండరాలు, మోకాళ్లు, చీలమండలు మొదట దెబ్బతినేది ఈ పనిలోనే. పరుగులో రవ్వంత వేగం తగ్గినా, ఆ లోటు స్టేడియంలో ఉన్న అందరికీ కనబడుతుంది.

బట్లర్ 1990లో మిసిసిపి రాష్ట్రంలోని విక్స్‌బర్గ్‌లో పుట్టాడు. హైండ్స్ కమ్యూనిటీ కాలేజీ జట్టులోంచి మధ్యలో తీసేస్తే, కొంతకాలం ఊళ్లోని పొపాయిస్ చికెన్ దుకాణంలో పనిచేశాడు. తర్వాత మళ్లీ చదువులో చేరి, పెద్దగా ఎవరూ పట్టించుకోని వెస్ట్ అలబామా యూనివర్సిటీకి ఆడాడు. 2014 డ్రాఫ్ట్‌లో, అంటే కాలేజీ కుర్రాళ్లను వంతులవారీగా ఎంచుకునే కార్యక్రమంలో, 32 జట్లు ఏడు రౌండ్లలో 256 మందిని ఎంచుకున్నాయి. అందులో అతని పేరు లేదు. న్యూ ఇంగ్లండ్ పేట్రియాట్స్ కొత్తవాళ్ల శిబిరానికి పరీక్షార్థిగా వెళ్లి, అక్కడ నచ్చడం వల్ల జట్టులో చోటు సంపాదించాడు.

మీరు చూసిన ముక్క 2015 ఫిబ్రవరి 1న అరిజోనాలోని గ్లెండేల్‌లో జరిగిన సూపర్ బౌల్‌లోది. పేట్రియాట్స్ 28, సియాటిల్ సీహాక్స్ 24. ఆట ముగియడానికి నిమిషం పైచిలుకు ఉండగా సీహాక్స్ రిసీవర్ జర్మైన్ కర్స్‌కు వేసిన పొడవాటి బంతిని బట్లర్ వేలితో తాకాడు గాని, అది వెల్లకిలా పడ్డ కర్స్ కాళ్ల మీదా చేతుల మీదా ఎగిరెగిరి చివరికి అతని చేతుల్లోనే ఆగింది. లేచి గోల్ గీత వైపు ఉరకబోయిన కర్స్‌ను బట్లర్ ఆ గీతకు అయిదు గజాల దూరంలో బయటికి నెట్టకపోతే అక్కడికక్కడే కథ ముగిసేది. ఆ వెంటనే సీహాక్స్ ఆటగాడు మార్షాన్ లించ్ బంతిని నాలుగు గజాలు మోసుకెళ్లాడు. గోల్ గీతకు ఇక మిగిలింది ఒక్క గజం.

అప్పుడు సీహాక్స్ ఇద్దరు రిసీవర్లను ఒకరి వెనక ఒకరిని నిలిపింది. ముందువాడు అడ్డుపడితే, వెనకవాడు ఆ చాటున లోపలికి కోసుకొచ్చి బంతి అందుకోవాలన్నది పన్నాగం. సరిగ్గా ఇదే ఎత్తును అంతకు కొన్ని రోజుల ముందు పేట్రియాట్స్ సాధనలో వేసినప్పుడు, బట్లర్ అడ్డొచ్చినవాణ్ని చుట్టి వెళ్లడంతో ఆలస్యమై స్కోరు ఇచ్చేశాడు. ఈసారి చుట్టి వెళ్లలేదు. ముందువరుసలో సహచరుడు బ్రాండన్ బ్రౌనర్ కర్స్‌ను నిలబడ్డచోటే బిగించి పట్టగా, బట్లర్ సూటిగా దూకి, వెనకనున్న రికార్డో లాకెట్ కోసం సీహాక్స్ తరఫున బంతి విసిరే రసెల్ విల్సన్ వేసిన బంతిని లాకెట్ కంటే ముందే అందుకున్నాడు. గడియారంలో 20 సెకన్లు మిగిలాయి. బంతిని లించ్ చేతికే ఇవ్వాల్సిందన్న వాదం అమెరికాలో నేటికీ ఆగలేదు. నా మటుకు, ఆ తర్కమంతా బ్రౌనర్ పట్టునూ బట్లర్ సాధననూ చిన్నబుచ్చుతుంది. ఆ మ్యాచ్ ఉత్తమ ఆటగాడిగా తనకు దక్కిన ట్రక్కును పేట్రియాట్స్ తరఫున బంతి విసిరే టామ్ బ్రాడీ బట్లర్‌కే ఇప్పించాడు.

ఇక ‘తొందరగా’ అన్న మాట గురించి. అతను 2014 నుంచి 2020 దాకా ఏడు సీజన్లు ఆడాడు. ఆటగాళ్ల సంఘం లెక్క ప్రకారం ఎన్‌ఎఫ్‌ఎల్ (ఈ జట్లన్నీ ఆడే లీగ్) ఆటగాడి సగటు ఆట ఆయుష్షు 3.3 ఏళ్లు. తొలి ఏడాదే జట్టు జాబితాలో నిలదొక్కుకున్నవాళ్లనే లెక్కిస్తే అది దాదాపు ఆరేళ్లని లీగ్ అంటుంది. ఏ కొలతతో చూసినా, డ్రాఫ్ట్‌లో పేరు లేనివాడికి ఏడు సీజన్లు తక్కువేమీ కాదు. ఇరవై ఏళ్లు బ్యాటు పట్టే క్రికెటర్లకు అలవాటుపడ్డ మన కంటికి అది కురచగా కనిపిస్తుంది, అంతే.

ప్రశ్న: అదే బట్లర్‌ను మరో సూపర్ బౌల్‌లో బెంచీ మీద కూర్చోబెట్టారట, నిజమేనా? తర్వాత ఏమయ్యాడు? – ఒక పాఠకుడు, హనుమకొండ

జవాబు: నిజమే. 2018 ఫిబ్రవరి 4న మినియాపొలిస్‌లో ఫిలడెల్ఫియా ఈగిల్స్‌తో జరిగిన ఫైనల్ అది. ఆ సీజనంతా దాదాపు ప్రతి డిఫెన్స్ ఆటలోనూ మైదానంలో ఉన్నవాణ్ని ఆ రోజు డిఫెన్స్‌లో ఒక్కసారి కూడా దింపలేదు. జాతీయగీతం వేళ అతని కళ్లలో నీళ్లు కెమెరాకు చిక్కాయి. ఈగిల్స్ తరఫున బంతి విసిరే నిక్ ఫోల్స్ మొత్తం 373 గజాలు విసిరాడు, ఈగిల్స్ 41-33తో గెలిచింది. ఆట దృష్ట్యా తీసుకున్న నిర్ణయమని పేట్రియాట్స్ కోచ్ బిల్ బెలిచిక్ పొడిగా చెప్పి ఊరుకున్నాడు. నాకు మాత్రం ఆ జవాబు ఎప్పుడూ రుచించలేదు. బట్లర్ వల్లే కప్పు వస్తుందని అనలేం గాని, అంతలా బంతులు వచ్చిపడుతున్నప్పుడు బెంచీ వైపు ఒకసారైనా చూడాల్సింది.

నెలన్నరలోపే అతను టెనెసీ టైటన్స్‌లో చేరాడు (మన తెలుగు టైటన్స్ కాదు, అది కబడ్డీ జట్టు). ఒప్పందం అయిదేళ్లకు, విలువ 6 కోట్ల డాలర్ల పైచిలుకు. అక్కడి ఒప్పందాల్లో కొంత సొమ్ముకే హామీ ఉంటుంది. మిగతాది ఏటా జట్టు దయ. 2019లో మణికట్టు విరిగి సగం సీజన్ పోయింది. 2020లో నాలుగు ఇంటర్సెప్షన్లతో (ప్రత్యర్థి విసిరిన బంతిని లాక్కోవడం) బాగానే ఆడినా, జీతాల పరిమితిలో సర్దుబాటు కోసం 2021 మార్చిలో జట్టు వదులుకుంది. అరిజోనా జట్టుతో ఒప్పందం చేసుకుని, సీజన్ మొదలుకాకముందే విరమించుకున్నాడు. 2022లో పేట్రియాట్స్ తిరిగి తీసుకుంటే తుంటి గాయం అడ్డుపడింది, మ్యాచ్ ఆడనే లేదు.

రికార్డుల్లో అతని పేరున 17 ఇంటర్సెప్షన్లు ఉన్నాయి. అవన్నీ లీగ్ దశవే, నాకౌట్ మ్యాచ్‌ల లెక్క వేరే రాస్తారు. కాబట్టి గ్లెండేల్‌లో పట్టిన ఆ మొదటిది అందులో చేరదు. 2021 జనవరిలో బాల్టిమోర్‌తో ఆడిన తన ఆఖరి మ్యాచ్‌లో (అదీ నాకౌటే) ఆ జట్టు లామార్ జాక్సన్ విసిరిన బంతిని పట్టిన చివరిదీ చేరదు.