కవచమున్న శత్రువును కూల్చడం గురించి మేనల్లుడికి ఒక ఉత్తరం

చిరంజీవి బుజ్జిని మామయ్య ఆశీర్వదించి వ్రాయునది. ఇక్కడ రాజమండ్రిలో మేమందరం క్షేమం. అక్కడ డాలస్‌లో నీవు కూడా కులాసాగా ఉన్నావని మీ అమ్మ ఫోనులో చెప్పింది. పోయిన శనివారం మనం హెల్‌డైవర్స్ 2 అనే వీడియో గేమ్ ఆడుతూ, చార్జర్లనే కవచపు పురుగులు రెండింటికీ, బైల్ టైటాన్ అనే రాక్షసపురుగు ఒకదానికీ వరుసపెట్టి ప్రాణాలు సమర్పించుకున్న తరువాత, నాలుగు మ్యాగజైన్లు ఖాళీ చేసినా దానికి చీమ కుట్టినట్టయినా లేదనీ, ఈ గేమ్‌లో ఏదో మోసం ఉందనీ నీవు విసుక్కున్నావు. మోసమేమీ లేదు. అప్పుడే వివరంగా చెబుదామంటే చుట్టూ పురుగులు, మైకులో నలుగురి అరుపులు. అందువల్ల ఇప్పుడు తీరికగా కూర్చుని వ్రాస్తున్నాను.

ముందుగా నీ మనసులోంచి తీసివేయవలసిన ఒక అభిప్రాయం ఉంది. కవచం అంటే అదనంగా ఇచ్చిన ప్రాణమనీ, కొట్టగా కొట్టగా అది కరిగిపోతుందనీ నీవు అనుకుంటున్నావు. కొన్ని గేమ్‌లలో అది నిజమే కానీ ఈ గేమ్‌లో కాదు. ఇక్కడ కవచం ఒక గడప వంటిది. ప్రతి ఆయుధానికీ చొచ్చుకుపోయే శక్తికి ఒక అంకె ఉంటుంది, శత్రువు శరీరంలోని ప్రతి భాగానికీ కవచపు మందానికి ఇంకొక అంకె ఉంటుంది. ఆయుధం అంకె పెద్దదైతే దెబ్బ పూర్తిగా తగులుతుంది, రెండూ సమానమైతే దెబ్బలో కొంత భాగమే లోపలికి వెళుతుంది, ఆయుధం అంకె చిన్నదైతే ఒక్క బుల్లెట్ కొట్టినా వెయ్యి బుల్లెట్లు కొట్టినా ఫలితం సున్నాయే. నీ రైఫిల్ బుల్లెట్లు చార్జర్ నుదుటిమీద నిప్పురవ్వలు రేపి పక్కకు ఎగిరిపోయినప్పుడు, గురిచుక్క దగ్గర దెబ్బ తగిలిన గుర్తు రాకుండా తిరుగుముఖం పట్టిన గుర్తు వచ్చినప్పుడు, గేమ్ నీకు చెబుతున్న సమాధానం అదే. ఆ గుర్తు చూసిన మరుక్షణం ట్రిగ్గర్ మీదినుంచి వేలు తీయడం నేర్చుకో. పైగా అలా ఎగిరిన బుల్లెట్ వెనక్కి వచ్చి మనకే తగలగలదు. నా బుల్లెట్‌తో నేనే నేలకూలిన రోజు ఒకటి ఉంది, అది మీ అత్తయ్యకు చెప్పవద్దు.

ఈ పాఠం నాకు కొత్తగా వచ్చింది కాదు. 2001లో వచ్చిన మొదటి హేలో గేమ్‌లో హంటర్లనే శత్రువులు ఉండేవి, ఎప్పుడూ జంటగా వచ్చేవి, చేతికి డాలు, ఒంటినిండా పలకలు. రెండేళ్ల తరువాత అది కంప్యూటర్‌కు వచ్చినప్పుడు నేను రాకెట్లన్నీ వాటి డాలుమీదనే తగలేసి, చివరకు వాటి వీపున నారింజరంగు మాంసం బయటికి కనబడుతోందనీ, అక్కడ ఒక్క పిస్టల్ బుల్లెట్ చాలనీ చాలా ఆలస్యంగా తెలుసుకున్నాను. కవచమున్న ఏ శత్రువునైనా తయారుచేసినవాడు ఎక్కడో ఒక చోట తలుపు తీసిపెట్టే ఉంటాడు. ముందు వెతకవలసింది ఆ తలుపును. పెద్ద తుపాకీ సంగతి తరువాత.

ఇక చార్జర్ సంగతి. (నేను అర్ధరాత్రి "చార్జర్, చార్జర్" అని అరిస్తే మీ అత్తయ్య నిద్రలోంచి లేచి ఫోన్ చార్జర్ తెచ్చి చేతిలో పెట్టిన సంగతి నీకు తెలుసు.) దాని బలం, బలహీనత రెండూ ఒకటే: అది ఒకసారి పరుగు అందుకుంటే తిన్నగా వెళ్లడమే తప్ప చప్పున మలుపు తిరగలేదు. నీవు చేస్తున్న తప్పేమిటంటే, అది కనబడగానే వెనక్కి తిరిగి దాని దారిలోనే పరుగెత్తుతున్నావు. అలా పరుగెత్తినవాడిని అది తప్పకుండా అందుకుంటుంది. ఎద్దు కుమ్మవచ్చినప్పుడు పొలంలో ఏం చేస్తామో అదే చేయాలి: దానికి ఎదురుగా నిలిచి, రెండు మూడు అంగల దూరానికి వచ్చేవరకు ఓపికపట్టి, పక్కకు దూకాలి. వెనుక పెద్ద బండరాయి ఉండేటట్టు చూసుకుని నిలబడితే ఇంకా మంచిది, ఎందుకంటే అది రాయికి గుద్దుకుని ఒక క్షణం నిలిచిపోతుంది, నీకు కావలసిన క్షణం అదే.

ఆ క్షణంలో ఏం చేయాలన్నది నీ చేతిలో ఏమున్నదనే దానిమీద ఆధారపడుతుంది. రాకెట్ ఉంటే, అది మళ్లీ నీవైపు తిరిగేవరకు ఆగి, తలమీద తిన్నగా ఒక్కటి వేస్తే మామూలు చార్జర్ అక్కడితో సరి. తల దొరకకపోతే ముందుకాలిమీద వేయి. ఆ కాలి పలక ఊడిపోయి లోపలి మాంసం కనబడుతుంది, అప్పుడు నీవు ఇంతసేపూ వృథాచేసిన ఆ రైఫిల్‌కే పని దొరుకుతుంది. రాకెట్ లేకపోతే దాని వెనుకభాగం మెత్తగా ఉంటుంది కాబట్టి అక్కడ కాల్చవచ్చు. అయితే ఇక్కడ ఒక మెలిక ఉంది. అటువంటి పెద్ద కండలమీద మామూలు బుల్లెట్లు లోపలికి దిగినా వాటి దెబ్బలో కొద్దిభాగమే లెక్కకు వస్తుంది. పేలుడు పదార్థాలు, పెద్ద గన్‌లు అక్కడ మెరుగ్గా పనిచేస్తాయి. చాలామంది కొత్తవాళ్లు వెనుకభాగమే బలహీనమని ఎవరో చెప్పగా విని, మిషన్ సగం సమయం ఒక చార్జర్ వెనుక ప్రదక్షిణాలు చేస్తూ గడుపుతారు. అది చివరి ఉపాయం మాత్రమేనని గుర్తుంచుకో. స్టన్ గ్రెనేడ్ ఒకటి విసిరితే చార్జర్ కదలకుండా నిలిచిపోతుంది. గురి ఇంకా కుదరని నీవంటివాడికి గ్రెనేడ్ల చోటులో అంతకంటె మంచిది నేను చూడలేదు.

రాకెట్లలో నీకు ఈఏటీ-17 సరైనది. పిలిస్తే ఆకాశంలోంచి ఒక పాడ్‌లో, అంటే ఒక డబ్బాలో, అవి రెండు దిగుతాయి, ఒక్కొక్కటి ఒకసారి పేల్చి పారవేయాలి, వీపుకు సంచీ అక్కరలేదు, ఎక్కువసేపు ఆగకుండానే మళ్లీ పిలవవచ్చు. దాన్ని పిలవడానికి నొక్కవలసిన బాణాల కోడ్ క్రిందికి, క్రిందికి, ఎడమకు, పైకి, కుడికి. చిన్నప్పుడు ఎక్కాలు వల్లెవేసినట్టు దీన్ని వేళ్లకు అలవాటు చేసుకో. చార్జర్ ఎదురుగా ఉన్నప్పుడు జాబితా తెరిచి బాణాలు చదువుకుంటూ నిలబడితే చదువు పూర్తయ్యేలోపల మనం ఉండం. అవసరం వచ్చాక పిలవడం కూడా పొరపాటే. గూడు మూయడానికో లక్ష్యం పూర్తిచేయడానికో వెళ్లేముందే ఒక పాడ్‌ను అక్కడ దింపి ఉంచు. నీకు అక్కరకు రాకపోయినా వెనుక వచ్చేవాడికి వస్తుంది. రాకెట్ వేసేటప్పుడు రెండు విషయాలు చూడు: ఏటవాలుగా తగిలితే దాని చొచ్చుకుపోయే శక్తి తగ్గుతుంది కాబట్టి తిన్నగా ముఖానికి ఎదురుగా నిలబడాలి, ఈ గేమ్‌లో మన దెబ్బ మనవాళ్లకూ తగులుతుంది కాబట్టి దారిలో స్నేహితుడి వీపు లేకుండా చూసుకోవాలి. పోయినవారం రెండవది మరచిపోయావు. ఆ అబ్బాయి ఏమీ అనలేదు గాని నేను చూశాను.

బైల్ టైటాన్ విషయంలో నీకు కలిగిన భయం సహజమే, అది కొబ్బరిచెట్టు నడిచివచ్చినట్టు ఉంటుంది. దానికీ తలే తలుపు, అక్కడికీ ట్యాంకులను కూల్చే రాకెట్లే కావాలి. ఒక్క రాకెట్‌తో పడకపోతే కంగారుపడి పొట్టమీదకు గురి మార్చవద్దు, రెండవదీ తలమీదనే వేయి. పొట్టకింద వేలాడే పసుపు సంచులను పగలగొడితే అది ఆమ్లం కక్కలేదు, అంతవరకే ఆ పని ఉపయోగం. ప్రాణం తలలోనే ఉంది. స్టన్ గ్రెనేడ్ దానిమీద పనిచేయదు కాబట్టి వృథాచేయకు. అయిదువందల కిలోల బాంబు వేయాలనుకుంటే అది నడుస్తున్నప్పుడు వేయవద్దు, బాంబు దిగేలోపల అది దాటిపోతుంది. ఆమ్లం కక్కడానికి అది తప్పకుండా ఆగుతుంది. ఒకరు ఎరగా నిలబడి దాన్ని ఆపితే, ఇంకొకరు కాళ్ల మధ్యకు బాంబు సంకేతం విసరాలి. ఎరగా నిలబడినవాడు బతకడం కష్టమే. అయితే చనిపోయినవాడిని మనం మళ్లీ పిలిచినప్పుడు, అతడు దిగివచ్చే పాడ్‌ను గాలిలో కొంత పక్కకు నడపవచ్చు. దాన్ని తిన్నగా టైటాన్ నెత్తిమీదకు దింపితే అంతకుమించిన రాకెట్ లేదు. ఆకాశంలోని మన ఓడనుంచి కొట్టే ఆర్బిటల్ రైల్‌కానన్ అయితే దగ్గరున్న పెద్ద శత్రువును తనంతట తానే వెతికి కొడుతుంది, కానీ మళ్లీ సిద్ధమవడానికి చాలాసేపు పడుతుంది. దాన్ని తొందరపడి చార్జర్ మీద ఖర్చుచేసినవాడు తరువాత టైటాన్ ముందు ఉత్తచేతులతో నిలబడతాడు.

ఆటోమటాన్లనే యంత్రశత్రువులవైపు వెళ్లినప్పుడు లెక్క మారుతుంది. పురుగుల దగ్గర అవసరమైంది ఓపిక, యంత్రాల దగ్గర అవసరమైంది గురి. హల్క్ అనే ఇనుపమనిషికి ముఖం మధ్య ఎర్రగా వెలిగే చిన్న కన్ను ఉంటుంది, వీపున వేడిని వదిలే గవాక్షాలు మెరుస్తూ ఉంటాయి. ఆటోకానన్‌తో కంటిలో రెండు దెబ్బలు, లేదా రైల్‌గన్‌తో ఒక్కటి పడితే అది కూలుతుంది. ముందునుంచి కన్ను దొరకనప్పుడు ఒకరు దాని చూపు తమవైపు తిప్పుకోవాలి, మరొకరు చుట్టుతిరిగి వెనుక గవాక్షాలమీద కాల్చాలి. అక్కడికి ట్యాంకులను కూల్చే ఆయుధం అక్కరలేదు. నిప్పులు చిమ్మే హల్క్ దగ్గరకు మాత్రం ఎన్నడూ వెళ్లవద్దు, చూసిన క్షణంలోనే బూడిదవుతావు. రైల్‌గన్‌ను కాల్చడానికి రెండు పద్ధతులున్నాయి, ప్రమాదకరమైన రెండవ పద్ధతిలో దాన్ని ఎక్కువసేపు నొక్కిపట్టుకుంటే అది చేతిలోనే పేలిపోతుంది. హల్క్ కంటికి మొదటి పద్ధతే చాలు కాబట్టి ఆ సాహసం అనవసరం. ట్యాంకులకు టరెట్ వెనుకభాగం, ఫ్యాక్టరీ స్ట్రైడర్‌కు పొట్టకింద తలుపులు. ఇవి చూస్తే తెలిసిపోతాయి.

ఒక్క విషయంలో మాత్రం నేను చెప్పినదంతా తలకిందులవుతుంది. 2024 డిసెంబరులో ఈ గేమ్‌లోకి వచ్చిన ఇల్యూమినేట్లనే మూడవ శత్రుజాతిలో హార్వెస్టర్ అనే మూడుకాళ్ల యంత్రం చుట్టూ కాంతితెర ఒకటి ఉంటుంది. అది తెరే గాని కవచం కాదు. అక్కడ రాకెట్ వేస్తే తెర దాన్ని మింగేస్తుంది, మన రాకెట్ పోయినట్టే. ముందు వేగంగా కాల్చే గన్‌తో బుల్లెట్ల వాన కురిపించి తెరను దించి, అది తిరిగి లేచేలోపల కాలి కీళ్లమీదనో కంటిమీదనో పెద్ద దెబ్బ కొట్టాలి. నీకు అలవాటైన మ్యాగజైన్లు ఖాళీచేసే పద్ధతికి న్యాయమైన చోటు అదొక్కటే.

నలుగురం కలిసి ఆడుతున్నామన్న సంగతి నీవు తరచు మరచిపోతున్నావు. నలుగురూ రాకెట్లే తెస్తే చిన్న పురుగులు మనలను కొరుక్కుతింటాయి, నలుగురూ మెషిన్ గన్‌లే తెస్తే చార్జర్ తొక్కిపోతుంది. ఇద్దరు పెద్దవాటిని చూసుకోవాలి, ఇద్దరు చిన్నవాటిని ఊడ్చాలి. రాకెట్ పట్టినవాడు చావడం చాలావరకు పెద్ద శత్రువు చేతిలో జరగదు. రీలోడ్ చేస్తూ కదలకుండా కూర్చున్నప్పుడు కాళ్లకింద చేరిన చిన్న పురుగు చేతిలో జరుగుతుంది. రీకాయిలెస్ రైఫిల్ అనే మళ్లీమళ్లీ నింపుకునే రాకెట్ గన్‌ను ఒంటరిగా రీలోడ్ చేయడం ఎంత ఆలస్యమో చూశావు కదా. దాని సంచీని ఇంకొకరు వీపున మోస్తూ పక్కన నిలబడి గుండ్లు అందిస్తే ఎంత వేగం వస్తుందో నీవు ఇంకా చూడలేదు. ఈ పని చేయడానికి ఎవరూ ముందుకు రారు, ఎందుకంటే చంపిన లెక్క రాకెట్ వేసినవాడి పేరుమీద పడుతుంది. ఆ లెక్కకు ఈ గేమ్‌లో బహుమానమేమీ లేదు. మిషన్ పూర్తికావడమే లెక్క.

అందుచేతనే ప్రతి చార్జర్‌నూ చంపి తీరాలనే పట్టుదల కూడా వద్దు. పెద్దవి చాలావరకు వాటంతట అవి రావు, చిన్నవి పిలిస్తేనే అవి వస్తాయి. పురుగు ఒకటి ఆగి నారింజరంగు పొగ వదలబోయినా, ఆటోమటాన్ ఒకటి ఆకాశంలోకి మంట వదలబోయినా, ముందు దాన్ని పడగొట్టు. అప్పుడు రాకెట్ అవసరమే రాదు. పిలుపు వెళ్లిపోయి ఆటోమటాన్ల విమానం వస్తే, దాని ఇంజనుమీద ఒక రాకెట్ వేస్తే అందులోని యంత్రాలన్నీ దానికిందనే పడతాయి, అయితే హల్క్‌లు ఒక్కొక్కసారి ఆ శిథిలాల్లోంచి లేచి వస్తాయి. అది కూడా కుదరకపోతే పరుగెత్తు. పరుగెత్తడం సిగ్గుచేటు కాదు. ముప్ఫయి పురుగులతో మూడు టైటాన్లతో పోట్లాడి, పూర్తిచేయవలసిన పని వదిలేయడమే సిగ్గుచేటు.

నేను పైన చెప్పిన దెబ్బల లెక్కలు అప్పుడప్పుడు మారుతుంటాయి. ఈ గేమ్‌ను తయారుచేసిన స్వీడన్ కంపెనీ ఆరోహెడ్ 2024 సెప్టెంబరులో ఆయుధాల బలాన్నీ పెద్ద శత్రువుల కవచాలనూ ఒక్కసారిగా తిరగరాసింది, ఆ తరువాతా సవరణలు చేస్తూనే ఉంది. అప్‌డేట్ వచ్చినప్పుడల్లా తక్కువ కష్టం గల మిషన్‌లో ఒంటరిగా దిగి, నీవు మోసే ఆయుధం దేనిమీద తగులుతోంది, దేనిమీద ఎగిరిపోతోంది అని పది నిమిషాలు పరీక్షించుకో. అంకెలు మారవచ్చు గాని చార్జర్ తిన్నగానే పరుగెత్తుతుంది, హల్క్ కన్ను ముఖం మధ్యనే ఉంటుంది.

ఈ శనివారం ఇక్కడ రాత్రి తొమ్మిదిన్నరకు, అంటే మీ దగ్గర ఉదయం, నేను సిద్ధంగా ఉంటాను. పదవ స్థాయి జోలికి పోకుండా ఆరవ స్థాయిలో పురుగులవైపే వెళదాం. రీకాయిలెస్ నేను తెస్తాను, సంచీ నీవు మోయి. నీ జాబితాలో ఈఏటీ, స్టన్ గ్రెనేడ్లు తప్పకుండా పెట్టుకో. మొదటి చార్జర్ నీది. అది వచ్చేవరకు రైఫిల్ దించుకునే ఉండు, నేను "ఇప్పుడు" అన్నప్పుడు పక్కకు దూకు.

ఆశీస్సులతో,
మామయ్య