పాప సిరామిక్స్ అంటోంది, మేము ఇంటీరియర్ డిజైన్ అంటున్నాం

ప్రశ్న: మా పాప ఇంటర్ రెండో సంవత్సరం, ఎంపీసీ. పండగలకు ఇచ్చిన డబ్బులన్నీ మోడరన్ ఆర్ట్, సిరామిక్స్, ఇంటీరియర్ డిజైన్ పుస్తకాలకే పెడుతోంది. ఒక్కోటి రెండు మూడు వేలు. మొన్న విసుగొచ్చి వాటిని అటక మీద పెట్టించాను. మూడు రకాలు చూస్తోంది, దేని మీదా నిలకడ లేదు. అడిగితే సిరామిక్స్ చదువుతానంటోంది. కుండలు చేసి ఎలా బతుకుతుంది? ఏడాది ఇంటీరియర్ డిజైన్ డిప్లొమాలో చేర్పిస్తే కనీసం ఉద్యోగమైనా వస్తుంది కదా. రెంటిలో ఏది మేలో చెప్పండి.
- ఒక తండ్రి, చిత్తూరు

జవాబు: ముందు ఆ పుస్తకాలు అటక మీద నుంచి దించండి. పరీక్షలయ్యేదాకా రోజూ ఎంతసేపు చూడొచ్చో పాపతో మాట్లాడి ఒక మాట అనుకోండి, తప్పులేదు. తన డబ్బుతో కొనుక్కున్న పుస్తకాన్ని కళ్ల ముందు నుంచి లాగేస్తే మాత్రం ఫిజిక్స్ మీద ధ్యాస పెరగదు, మీ మీద కోపం పెరుగుతుంది. కోచింగ్‌కు వేలకు వేలు కట్టే ఇళ్లలో కూడా ఒక పుస్తకం ధర దగ్గర ఇంత గొడవ జరుగుతుంటే నాకు బాధేస్తుంది.

నిలకడ లేదన్నారు. ఆ మూడూ వేర్వేరు దారులు కావండీ. 1919లో జర్మనీలోని వైమార్‌లో బౌహౌస్ అనే బడి పెట్టినప్పుడు చిత్రకారుణ్ని, వడ్రంగిని, కుమ్మరిని ఒకే చదువు కిందికి తెచ్చారు. మట్టిపని వర్క్‌షాప్ పక్కనున్న డోర్న్‌బుర్గ్ అనే ఊళ్లో నడిచింది. ఈ రోజు మన ఇళ్లలో కనిపించే సాదా గీతల కుర్చీలు, దీపాల వెనక ఆ బడి ప్రభావం చాలా ఉంది. చిత్రకారుడు పికాసో అరవై దాటాక ఫ్రాన్స్‌లోని వల్లోరిస్‌లో మట్టి పట్టుకుని పళ్లేలు, కూజాలు చేశాడు. మీ పాప ఆ మూడు రకాల పుస్తకాలూ కొనుక్కుందంటే సరైన చోటే వెతుకుతోందని అర్థం.

ఇక ఇంటీరియర్ డిజైన్. ఇప్పుడు ఏ ఊళ్లో చూసినా దీని బోర్డులే. నాకున్న అనుమానాలు మొహమాటం లేకుండా చెబుతాను. ఏడాది డిప్లొమాల్లో చాలావాటిలో ప్రధానంగా నేర్పేది సాఫ్ట్‌వేర్. గది బొమ్మ కంప్యూటర్లో అందంగా వస్తుంది. చదువయ్యాక మాడ్యులర్ కిచెన్ షోరూమ్‌లో చేరితే రోజంతా కొటేషన్లు, టార్గెట్లు. అది తప్పుడు పని కాదు, కానీ మీ పాప కోరుకుంటున్నది అది కాదు. పుస్తకంలో గది అంటే తెల్లగోడ, ఒక కుర్చీ, ఒక పూలకూజా. చిత్తూరులో ఇల్లు కట్టుకునే మనిషి ముందు అడిగేది దేవుడి గది ఏ మూలన, గ్యాస్ సిలిండర్ ఎక్కడ, బియ్యం బస్తా ఎక్కడ అని. సింక్ కింద మామూలు కమర్షియల్ ప్లైవుడ్ వేస్తే తడికి ఉబ్బిపోతుందని, అక్కడ తడిని తట్టుకునే బీడబ్ల్యూపీ రకం వేయాలని తెలియాలి. లామినేట్ అతికించాక ఇంటాయన స్విచ్‌బోర్డు చోటు మార్చమంటే, కార్పెంటర్‌నీ ఎలక్ట్రీషియన్‌నీ ఒప్పించి పని చేయించుకోవాలి. ఇవన్నీ ఏడాదిలో రావు. పైగా ఆర్కిటెక్ట్ అని పేరు పెట్టుకోవాలంటే 1972 నాటి చట్టం ప్రకారం కౌన్సిల్ ఆఫ్ ఆర్కిటెక్చర్‌లో నమోదు కావాలి. ఇంటీరియర్ డిజైనర్‌కు అలాంటి కట్టుబాటు లేదు, ఎవరైనా బోర్డు పెట్టుకోవచ్చు. అంత పోటీలోకి సగం చదువుతో పంపి, 'సేఫ్' అనుకుంటున్నారు మీరు. గదులే ఇష్టమైతే నాలుగేళ్ల బీడిజైన్ చేయించండి. లేదా ఎంపీసీ కాబట్టి ఐదేళ్ల ఆర్కిటెక్చర్ డిగ్రీ బీఆర్క్ ఉంది, కౌన్సిల్ అనుమతి ఉన్న కాలేజీ చూసుకుని చేర్పించండి. కడపలో ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ ఉంది, దూరమనే బెంగ కూడా అక్కర్లేదు.

సిరామిక్స్‌లో ఉద్యోగాలు తక్కువే, దాచను. టైల్స్, కప్పులు, పళ్లేలు చేసే కంపెనీల్లో డిజైన్ పని, స్కూళ్లలో బోధన, హోటళ్ల ఆర్డర్లు, సొంత స్టూడియో. సొంతమంటే బట్టీ ఖర్చు ఉంటుంది, మొదటి కొన్నేళ్లు ఇంటి అండ కావాలి. చదువుకు అహ్మదాబాద్ ఎన్‌ఐడీ (నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ డిజైన్)లో సిరామిక్, గ్లాస్ డిజైన్ ఉంది. ఎంట్రెన్స్ వివరాలు వాళ్ల వెబ్‌సైట్‌లోనే ఉన్నాయి. బరోడా ఫైన్ ఆర్ట్స్, శాంతినికేతన్ కళాభవన్ కూడా చూడండి. గూడూరులో సిరామిక్ టెక్నాలజీ డిప్లొమా ఉంది కదా అని ఎవరైనా అంటారు. అది ఫ్యాక్టరీ వైపు చదువు. బట్టీ వేడి, ముడిసరుకు, నాణ్యత పరీక్షలు అందులో ఉంటాయి. మంచి చదువే, మీ పాప అడుగుతున్నది మాత్రం వేరు.

అయితే పుస్తకం చూసి మట్టిని ప్రేమించడం వేరు, మట్టిలో చేతులు పెట్టడం వేరు. పరీక్షలయ్యాక పాపను పలమనేరు తీసుకెళ్లండి. అక్కడ టెర్రకోట, అంటే కాల్చిన మట్టి వస్తువులు చేసేవాళ్లను అడిగి, వీలైతే ఒక పూట కుమ్మరి సారె దగ్గర కూర్చోనివ్వండి. ముద్దను నడిమధ్యకు తేవడానికే చేతులు నొప్పి పుడతాయి. చేసింది ఆరి, కాలేసరికి చిన్నదవుతుంది. అడుగున సన్నని పగులు వస్తే ఆ కుండ పోయినట్టే. అక్కడి మట్టి వెయ్యి డిగ్రీల లోపే కాలుతుంది. ఆమె పుస్తకాల్లోని స్టోన్‌వేర్ అనే గట్టి రకం పాత్రలకు 1,200 దాటాలి. ఆ తేడా ఎందుకని పాపే అడిగిందంటే, పగిలిన కుండ చూసి ఇంకోటి చేస్తానందంటే, మీరిక అడ్డు చెప్పకండి. విసుగొచ్చి లేచిందా, నష్టమేం లేదు. ఒక ఆదివారం పోయింది, నాలుగేళ్లు మిగిలాయి. అప్పుడు ఇంటీరియర్ గురించి కూర్చుని మాట్లాడుకోండి.

బంధువులకు ఏం చెప్పాలన్న టెన్షన్ మీ ఉత్తరంలో రాయకపోయినా నాకు కనిపించింది. ఎన్‌ఐడీలోనో కడపలోనో సీటొస్తే డిజైన్‌లో డిగ్రీ చదువుతోందని ధైర్యంగా చెప్పండి. పలమనేరుకు మాత్రం పాపను ఒక్కదాన్నే పంపకుండా మీరూ వెళ్లండి. ఆమె ఏం చూస్తోందో పక్కనుండి చూడండి.