ఫోటోల నుంచి టీవీ డైరెక్షన్‌కి వెళ్తున్న అమ్మాయికి

పర్లాకిమిడి

తల్లీ,

పెదనాన్న ఆశీస్సులు. బరంపురంలో పెళ్లి ఫోటోల పని తగ్గించుకుని టీవీ డైరెక్షన్‌కి వెళ్తానన్నావట. మీ నాన్న టెన్షన్ పడుతున్నాడు గానీ నాకు చాలా సంతోషంగా ఉంది. నేనూ ఆ దారిన వెళ్లినవాణ్ణే కాబట్టి రాస్తున్నాను.

వెలుతురు చూడటం, ఫ్రేమ్ కట్టడం నీకు వచ్చు. అది పెద్ద ఆస్తి. గోవింద్ నిహలానీ కెమెరామన్‌గా మొదలై దర్శకుడయ్యారు; దూరదర్శన్‌లో 1988లో వచ్చిన ‘తమస్’ సీరియల్ ఆయన తీసిందే. అయితే ఫోటోగ్రాఫర్ ఒక్క మంచి క్షణం కోసం కాచుకుంటాడు. డైరెక్టర్‌కి దాని ముందేముంది, తర్వాతేమొస్తుంది అన్నది ముఖ్యం. షాట్లు ఎంత అందంగా ఉన్నా ఎడిటింగ్‌లో ఒకదానితో ఒకటి అతకకపోతే పనికిరావు.

అందుకని ముందు బరంపురం పట్టు నేసే ఇంటికి వెళ్లు. మగ్గం మొత్తం కనిపించేలా ఒక షాట్ తియ్యి. తర్వాత తొక్కుతున్న కాలు, నాడె విసిరే చెయ్యి, అంచు మీదే నిలిచిన కళ్లు, కొద్దికొద్దిగా పెరిగే బట్ట. ప్రతిదాన్నీ కనీసం పది సెకన్లు కదలకుండా పట్టుకో. భార్యాభర్తలు ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకుంటుంటే వాళ్లిద్దరి మధ్య ఒక గీత ఉందనుకుని, కెమెరాని దానికి ఒకే పక్కన ఉంచు. గీత దాటితే తెర మీద ఇద్దరూ ఒకే వైపు చూస్తున్నట్టు కనిపిస్తారు. వచ్చేసే ముందు అందరినీ మాటలు ఆపమని, ఒక నిమిషం మగ్గం చప్పుడు మాత్రమే రికార్డు చేసుకో. షాట్ల మధ్య అతుకులు కనపడకుండా చేసేది ఆ చప్పుడే. ఫోటోలకి అలవాటైనవాళ్లు శబ్దాన్ని మర్చిపోతారు. బొమ్మ కాస్త మసకగా ఉన్నా జనం చూస్తారు, మాట వినపడకపోతే ఛానల్ మార్చేస్తారు.

సెకనుకు 25 ఫ్రేములు పెట్టుకుని షట్టర్ 1/50 దగ్గర ఉంచు. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి ట్యూబ్‌లైట్లు మినుకుమనవు. వైట్ బ్యాలెన్స్‌ని, అంటే వెలుతురుకి తగ్గట్టు రంగుల్ని సరిచేసే సెట్టింగ్‌ని, ఆటోలో వదిలితే షాట్ మారినప్పుడల్లా చీర రంగు మారుతుంది.

హైదరాబాద్‌కో భువనేశ్వర్‌కో వెళ్తే, నీ పని చూసి కెమెరా టీమ్‌లో చేరమంటారు. జీతం ఎక్కువైనా ఒప్పుకోవద్దు, అసిస్టెంట్ డైరెక్టర్‌గానే చేరు. సీరియల్ సీన్లు కథ వరసలో తియ్యరు, లొకేషన్‌ని బట్టి తీస్తారు. పొద్దున తీసిన సీన్‌లో ఏ గాజులున్నాయో, సాయంత్రం తీసే దాని కొనసాగింపులోనూ అవే ఉండాలి. ఆ కంటిన్యుటీ రాయడం విసుగనిపిస్తుంది గానీ, కథ ముక్కలుగా ఎలా తయారవుతుందో అక్కడే తెలుస్తుంది. ఖాళీ దొరికితే ఎడిటర్ పక్కన కూర్చో.

స్టూడియోలో మూడు నాలుగు కెమెరాలు నడుస్తుంటే డైరెక్టర్ ప్యానెల్ దగ్గర మానిటర్లు చూస్తూ ‘టూ రెడీ... టేక్ టూ’ అని, అంటే రెండో కెమెరా సిద్ధంగా ఉండమని, ఆ తర్వాత దాని బొమ్మకి మారమని చెప్పాలి. కెమెరా ఇంకొకరి చేతిలో ఉంటుంది. నీలాంటివాళ్లకి అన్నిటికన్నా కష్టం ఇదే. ఏం కావాలో మాటల్లో చెప్పు, వాళ్ల చేతిలోది లాక్కోకు. నీకు తెలుగు, ఒడియా రెండూ ఇంటి భాషల్లాగే వచ్చు కాబట్టి ఏ నటుడికైనా సీన్‌ని అతని భాషలోనే వివరించగలవు.

డిగ్రీ ఉంది కదా, పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో టీవీ డైరెక్షన్ కోర్సుకి ఎంట్రన్స్ కూడా రాయి. అంతవరకూ పెళ్లిళ్లు పూర్తిగా మానొద్దు, ఇంటి ఖర్చు నడవాలి.

మగ్గం దగ్గర తీసింది మూడు నిమిషాలకి కోసి పంపు. పాట వెయ్యకు.

మీ పెదనాన్న