తలకు కుట్లతో గోల్ కొట్టిన జర్నైల్ సింగ్ నిజంగా డిఫెండరేనా?

మీరు అడిగింది ఇదీ: 1962 ఏషియన్ గేమ్స్ ఫుట్‌బాల్ ఫైనల్లో గోల్ కొట్టిన జర్నైల్ సింగ్‌ను అందరూ డిఫెండర్ అంటున్నారు, అదెలా, ఆయన నిజంగా అంత గొప్పవాడా అని.

డిఫెండరే, అంటే వెనక నిలబడి అవతలి వాళ్లను గోల్ కొట్టనివ్వకుండా ఆపేవాడు. అప్పట్లో స్టాపర్ అనేవారు. నేనూ సికింద్రాబాద్‌లో కాలేజీ రోజుల నుంచి కొన్నేళ్లు లోకల్ మ్యాచ్‌ల్లో స్టాపర్‌గా ఆడాను. మాకు ఆట నేర్పిన పెద్దాయన, మేం తొందరపడి నేల మీద జారుతూ బంతికి కాలు అడ్డం పెడితే "జర్నైల్ అనుకుంటున్నావా? లే పైకి!" అని కేకలేసేవారు. జర్నైల్ పేరు నేను మొదట విన్నది ఆ తిట్టులోనే.

జర్నైల్ 1936లో లాయల్‌పూర్‌లో పుట్టారు. ఇప్పుడది పాకిస్తాన్‌లోని ఫైసలాబాద్. దేశ విభజనప్పుడు కుటుంబం అన్నీ వదులుకుని పంజాబ్‌లోని హోషియార్‌పూర్ జిల్లాకు వచ్చింది. మాహిల్‌పూర్ ఖాల్సా కాలేజీలో ఆట పట్టుబడింది. అక్కడి నుంచి కలకత్తా, మొదట రాజస్థాన్ క్లబ్, 1959 నుంచి మోహన్ బగాన్. కలకత్తా మైదానంలో ఒక పంజాబీ స్టాపర్‌ను బెంగాలీలు నెత్తిన పెట్టుకున్నారంటే మామూలు విషయం కాదు. 1962 నుంచి 1965 వరకు వరుసగా నాలుగేళ్లు మోహన్ బగాన్ కలకత్తా లీగ్ గెలిచింది, 1963, 64, 65 డ్యూరాండ్ కప్పులు కూడా. 1960 రోమ్ ఒలింపిక్స్‌లో ఫ్రాన్స్‌తో 1-1 డ్రా చేసుకున్న మన జట్టులోనూ ఆయన ఉన్నారు.

ఇక 1962 ఏషియన్ గేమ్స్ జరిగిన జకార్తా సంగతి. తొలి మ్యాచ్‌లో దక్షిణ కొరియా చేతిలో 0-2తో ఓడాం. తర్వాత థాయిలాండ్‌ను 4-1తో కొట్టాం గానీ, ఆ మ్యాచ్‌లో జర్నైల్ తల పగిలింది. ఆరు కుట్లు పడ్డాయి. జపాన్‌తో మ్యాచ్‌కు ఆయన లేరు. సెమీస్‌లో దక్షిణ వియత్నాం మీద మన హైదరాబాదీ కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం ఆయన్ను వెనక కాకుండా ముందు, గోల్స్ కొట్టే సెంటర్ ఫార్వర్డ్‌గా దించారు.

ఇది ఏదో గుడ్డి సాహసం అనుకుంటారు చాలామంది. నాకలా అనిపించదు. ఓసారి నాకు కనుబొమ్మ మీద కుట్లు పడ్డాయి. మానాక కూడా బంతి గాల్లో తల మీదికి వస్తుంటే కళ్లు వాటంతటవే మూసుకుపోయేవి. నొప్పి కాదు, లోపలి టెన్షన్. స్టాపర్ కళ్లు మూసుకుంటే గోలే. అవతలి వాళ్లు కొట్టే ప్రతి కార్నర్‌నూ అతను తలతో తరిమి తీరాలి, తప్పించుకునే వీల్లేదు. ఫార్వర్డ్ అయితే ఏ బంతికి ఎగరాలో తనే ఎంచుకోవచ్చు. పైగా జర్నైల్ కాలేజీలో ఫార్వర్డ్‌గా ఆడినవారే అంటారు. రహీం సాబ్ లెక్క అదే అయి ఉంటుందని నా ఊహ.

లెక్క ఫలించింది. సెమీస్ 3-2తో గెలిచాం, అందులో ఒక గోల్ జర్నైల్‌ది. సెప్టెంబర్ 4న ఫైనల్, మళ్లీ కొరియాతోనే. ఇజ్రాయెల్, తైవాన్‌లను ఆటలకు రానివ్వని విషయంపై మన ప్రతినిధి సోంధీ గట్టిగా మాట్లాడారని స్టేడియం అంతా మన మీద కోపంగా ఉంది. ఆ అరుపుల మధ్యే 17వ నిమిషంలో పీకే బెనర్జీ, 20వ నిమిషంలో జర్నైల్ గోల్స్ కొట్టారు. చివర్లో కొరియా ఒకటి తిరిగిచ్చినా 2-1తో బంగారం మనదే. మన సికింద్రాబాద్ తులసీదాస్ బలరాం, హైదరాబాద్ యూసుఫ్ ఖాన్ కూడా ఆ జట్టువాళ్లే.

నాకు నచ్చనిది ఒక్కటే. ఆయన గురించి ఎవరు రాసినా ఆ గోల్ దగ్గరే ఆగిపోతారు. ఏళ్ల తరబడి వెనక నిలబడి ఆపిన బంతుల మాటే ఉండదు. ఆయన ముందుకెళ్తే వెనక ఆ చోటు కాసిన అరుణ్ ఘోష్ పేరైతే అసలే వినబడదు. స్టాపర్ల బతుకే అంత!

1964లో జర్నైల్‌కు అర్జున అవార్డు వచ్చింది. తర్వాత భారత జట్టుకు కెప్టెన్ అయ్యారు, 1966లో ఏషియన్ ఆల్ స్టార్స్ జట్టుకూ ఆయనే కెప్టెన్. ఆట మానాక పంజాబ్ క్రీడా శాఖలో పనిచేశారు. 2000 అక్టోబర్‌లో కెనడాలోని వాంకూవర్‌లో చనిపోయారు.

మన దేశంలో ఆయనంతటి స్టాపర్ మరొకరు లేరనే నా అభిప్రాయం. హైదరాబాద్ వాళ్లు మాత్రం 1970 బ్యాంకాక్‌లో కాంస్యం తెచ్చిన కెప్టెన్ సయ్యద్ నయీముద్దీన్ పేరు చెప్పి వాదనకు దిగుతారు. అది వేరే ప్రశ్నగా అడగండి, తీరిగ్గా రాస్తాను.