నటనా, ఎడిటింగూ రెండూ చేసిన ఫ్రెంచ్ సినిమావాళ్ళలో పెద్దగా పేరు వినపడనివాళ్ళు ఎవరైనా ఉన్నారా? వాళ్ళ కెరీర్ ఎలా సాగింది?

ఉన్నారు. నన్నడిగితే ముందు మార్గరీత్ రెన్వార్ పేరే చెబుతాను. ఎడిటింగ్ గదిలో బతికేవాణ్ణి, నా మొగ్గు అటే ఉంటుంది మరి.

అసలు ఇంటిపేరు ఊలే. 1906లో పారిస్ పక్కన మోంత్రయ్‌లో పుట్టింది. దర్శకుడు జాఁ రెన్వార్‌తో ఏళ్ళ తరబడి కలిసి ఉంది. పెళ్ళి చేసుకోకపోయినా ఆయన ఇంటిపేరే ఆమెకు నిలిచిపోయింది. 'లా షియెన్' (1931) మొదలుకొని 'లా గ్రాండ్ ఇల్యూజియన్' (1937), 'లా రెగ్ల్ ద్యు జూ' (1939) దాకా ఆయన పెద్ద సినిమాలకు ఎడిటర్ ఆమే.

నటన సంగతికొస్తే చెప్పుకోదగ్గంత లేదు. ఫ్రెంచ్ రచయిత మొపాసా కథతో తీసిన 'పార్తీ ద కంపాన్'లో రెన్వార్ పూటకూళ్ళ ఇంటి యజమాని వేషం వేస్తే, ఈమె అక్కడి పనిమనిషిగా కనిపిస్తుంది. యూనిట్‌లో ఉన్నవాళ్ళే తలో వేషం వేసేశారన్నమాట.

ఆమె సత్తా తెలిసేది కూడా ఆ సినిమాలోనే. 1936 వేసవిలో షూటింగ్‌కు దిగారు. కథకు ఎండ కావాలి, అక్కడేమో ముసురు పట్టుకుంది. రోజులు గడిచిపోయి, అనుకున్న సీన్లు పూర్తికాకుండానే సినిమా ఆగిపోయింది. తర్వాత యుద్ధం వచ్చింది, రెన్వార్ అమెరికా వెళ్ళిపోయాడు. చివరికి ఆయన లేకుండానే మార్గరీత్ కూర్చిన నలభై నిమిషాల సినిమా 1946లో విడుదలైంది. షూట్ చెయ్యకుండా మిగిలిపోయిన సీన్ల స్థానంలో రెండు టైటిల్ కార్డులు, అంటే తెరమీద రాత మాత్రమే, పడతాయి, అంతే. మా దగ్గరైతే ఒక సీన్ తగ్గగానే డైరెక్టర్‌కు ఫోన్ కొడతాం, అదీ కాకపోతే వాయిస్ ఓవర్ అతికిస్తాం.

ఈ సినిమా కథలో ప్రేమికులిద్దరూ దగ్గరయ్యాక వచ్చే భాగాన్ని నేను సౌండ్ తీసేసి మరీ చూశాను. గాలికి వంగిపోయే రెల్లు, కమ్ముకొచ్చే మబ్బు, నీటిమీద చినుకులు. పడవలో పెట్టిన కెమెరా వెనక్కి జారుతుంటే ఏరు మన ముందునుంచి దూరమైపోతుంది. ఆ షాట్లలో మనిషన్నవాడు లేడు. అవి అయ్యాక ఏళ్ళు గడిచాయని కార్డు పడితే, అప్పటికే గడిచిపోయాయి అనిపిస్తుంది. షూటింగ్‌ను చెడగొట్టిన వానను మార్గరీత్ తీసుకెళ్ళి సరిగ్గా కథకు గుండెకాయలాంటి చోట పెట్టింది. నేనైతే ఆ షాట్లను సగానికి కత్తిరించేవాణ్ణేమో.

రెన్వార్‌తో విడిపోయాక ఆమె పని ఆగలేదు. ఆయన దగ్గర అసిస్టెంట్‌గా చేసిన జాక్ బెకర్ సినిమాలకు వెళ్ళింది: 'కాస్క్ దోర్' (1952), 'తుషే పా ఓ గ్రిస్బీ' (1954). 1960 నాటి 'లె త్రు'కు మరో ఎడిటర్‌తో కలిసి పనిచేసింది. అందులో ఖైదీలు జైలు గచ్చును పగలగొట్టే షాట్ నిమిషాల కొద్దీ కట్ లేకుండా నడుస్తుంది. చెయ్యి ఆపుకోవడం ఎంత కష్టమో ఈ పనిలో ఉన్నవాళ్ళకే తెలుస్తుంది. ఆ సినిమా విడుదల కాకముందే బెకర్ చనిపోయాడు. మార్గరీత్ 1987 వరకు ఉంది.

చూడాలనుకుంటే ముందు 'పార్తీ ద కంపాన్' చూడండి. ఆ సినిమాలో వాడకుండా మిగిలిన టేకులను కూర్చి 1994లో విడిగా ఒక చిత్రం చేశారు. దొరికితే దాన్ని కూడా వెంటనే చూస్తే, ఏ టేకును మార్గరీత్ ఎందుకు పక్కన పెట్టిందో మీకే అర్థమవుతుంది.